తెల్ల రాయి, మురుకు ముక్క

ఈ మాటను ఏళ్ల తరబడి మోశాను. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు మొదటినుంచీ చెప్పగలను. చేపల గొంతుల్లో ఇరుక్కున్న రాళ్లు తీయడంలో శంషాబాద్ మొత్తంలో నన్ను మించినవాడు లేడు. పదుల కొద్దీ తీశాను.

కాదు. మీ దగ్గర కూడా ఎందుకీ గొప్పలు? ఒక్కటే తీశాను. ఆ చేప చచ్చిపోయింది.

మా అన్నావదినలది పాల్మాకుల. అద్దాల తొట్టిలో వాళ్లకొక గోల్డ్‌ఫిష్ ఉండేది. వదిన దాన్ని బంగారి అనేది. అన్న తొట్టి పక్కనే కుర్చీ వేసుకుని, ఇంటి మీదుగా ఏ విమానం పోయిందో దానికి చెప్పేవాడు, తినే మురుకులో ఇంత నలిపి వేసేవాడు. తొట్టి అడుగు బోసిగా ఉందని, మహేశ్వరం వైపు ఇళ్ల ప్లాట్లు అమ్మే ఒక వెంచర్ గేటు దగ్గర పూలమొక్కల్లో పోసిన తెల్ల రాళ్లు సంచిలో తెచ్చి వేసింది నేనే. చేపల దుకాణంలో ముందే హెచ్చరించారు: ఇది అడుగున దొరికిందల్లా నోట్లో వేసుకుని చప్పరిస్తుంది, రాయి దాని నోట్లో పట్టనంత పెద్దదిగానైనా ఉండాలి, లేదా సన్నటి ఇసుకైనా వేయాలి. విన్నాను. నవ్వాను. అదే దుకాణంలో ఒకతను చేపను తడిచేత్తో తలకిందులుగా పట్టుకుని, గొంతు కింద మెల్లగా నిమిరితే రాయి జారిపడటం చూశాను. ఇంటికొచ్చి, అలా రాయి తీసిన చెయ్యి నాదేనని చెప్పుకున్నాను.

ఒక పొద్దున బంగారి తెరిచిన నోరు మూయలేదు. వదిన నన్ను పిలిపించింది.

“జర ఆగురా, దుకాణంకే తీస్కపోదాం,” అన్నాడు అన్న.

“నేనుండంగ దుకాణమెందుకే అన్నా? గిసొంటివి ఎన్ని తీసిన!”

“నువ్వు జరుగు,” అని వదిన అన్నను కసిరింది. “మురుకులు నములుడు తప్ప నీకేం తెలుస్తది?”

నిమిరాను. రాయి జారలేదు. అక్కడే ఆపి, మళ్లీ నీళ్లలో వదిలి ఉంటే? ఇద్దరూ నా చేతులవైపే చూస్తున్నారు. చిన్న పట్టకారుతో లాగాను. రాయి వచ్చింది. రక్తం కూడా.

రాయిని పిడికిట్లో దాచేశాను. “మురుకు ముక్క అడ్డం పడ్డది,” అన్నాను.

రాయి అంటే తప్పు నాది. మురుకు అంటే తప్పు మా అన్నది. అంత త్వరగా ఎలా తోచింది నాకు? అన్న నమ్మాడు. అదే నన్ను తినేసింది. ఆ రోజే ఆయన కుర్చీ వాకిట్లోకి పోయింది.

నిన్న నేను వాళ్లింట్లో ఉండగానే వదిన కొత్త చేపను తెచ్చింది. పాత తొట్టి తుడిచి, అవే తెల్ల రాళ్లు కడిగి పెట్టింది. అన్న గడప దాటలేదు. “దానికి నా చెయ్యి తగలనియ్యకు,” అన్నాడు. చెప్పకపోతే ఇంకో నోరు అలాగే తెరుచుకుంటుంది. మళ్లీ నన్నే పిలుస్తారు. చెబితే? ఈ వయసులో ఏ ముఖం పెట్టుకుని మళ్లీ ఆ ఇంటికి పోవాలి? రాళ్లు నిండిన వదిన దోసిలి తొట్టి మీదికి వెళ్లింది.

“వద్దు వదినా. అప్పుడు గొంతుల పడ్డది మురుకు కాదు, గీ రాయే. నేనే దాసిన.”

వదిన ఆ రాళ్లు నా కాళ్ల దగ్గర పోసి లోపలికి పోయింది. అన్న నావైపు కాదు, ఆ రాళ్లవైపు చూశాడు. తిట్టినా బాగుండేది. నేను కింద కూర్చుని రాళ్లు ఏరుకున్నాను. చాన్నాళ్లకు ఊపిరి కిందిదాకా దిగింది. అంతకంటే నాకేమీ దొరకలేదు.

గేటు దాటుతుండగా వెనక కుర్చీ ఈడ్చిన చప్పుడు వినిపించింది. లోపలికో, ఇంకా దూరానికో, తిరిగి చూడలేకపోయాను.