తెర మీద పగిలిన గుడ్లు

పోయినవి మొత్తం నలభై ఎనిమిది గుడ్లు, రెండు కుండలు, ఒక నిచ్చెన. ఆదోనిలో పత్తి గోదాము తలుపులు మూసి మధ్యాహ్నం వేసిన పాత ఇంగ్లండు మూకీ బొమ్మలో పల్లెటూరి ఆకతాయిలు చేసిన నష్టం అది. అందరూ నవ్వారు. పత్తి కొనడానికి ఆ ఊరికి వచ్చి ఐదు రోజులైనా పత్తి ధర తప్ప నాతో ఎవరూ ఏమీ మాట్లాడలేదు. నేను నవ్వకుండా ఆ నష్టం లెక్కపెడుతూ కూర్చున్నాను.

పక్కన ఉడికించిన గుడ్లు అమ్ముకుంటున్న కోసిగి ఊరి అవ్వ కూడా నవ్వలేదు.

"ఆ బొమ్మలో గుడ్లామెవి ఎన్ని పోయినాయప్పా?"

"నాలుగు బుట్టలు. బుట్టకు పన్నెండు."

"మల్ల ఎవురన్నా కట్టిచ్చినారా?"

"బొమ్మ అయిపోయిందవ్వా."

"అట్లెట్లయితాది? ఇంటికి పోయి ఆయమ్మ ఏం సెప్పుకుంటాది?" అని ఒక గుడ్డు నా చేతిలో పెట్టింది. "ఊర్లు తిరిగేవానివి గదా, యాడన్నా కనపడితే ఇయ్యి."

ఎమ్మిగనూరు బస్సులో ఆకలికి దాన్ని నేనే తినేశాను. తెర మీది ఆమెకు ఈనాటికీ నలభై ఎనిమిది గుడ్లు రావాలి.