వాల్వ్ దగ్గరి మనిషి

మా బావ కోర్టులో ఓడిపోయిన రోజు అక్కా నేనూ హాయిగా ఊపిరి పీల్చుకున్నాం. ఇలా అంటే మీరు నన్ను దుర్మార్గుడనుకుంటారు. కాస్త ఆగండి.

బావ నీళ్ల సరఫరా శాఖలో ఫిట్టరు. పైపు పగిలిన చోట గోతిలోకి దిగి, నడుముల్లోతు బురదలో అతుకు వేసేవాడు. ఆయన లోపలున్నంతసేపూ వీధి చివర వాల్వ్ దగ్గర ఒక మనిషి కాపలా ఉండాలి. తెలియక ఎవరైనా దాన్ని తిప్పారంటే నీళ్లు ముంచెత్తి లోపలున్నవాడి పని అంతే. బావకు ఆ మనిషి ఎప్పుడూ ఒక్కడే, ఆయన తర్వాత ఉద్యోగంలో చేరిన స్నేహితుడు. బావను అన్నా అని పిలిచేవాడు కనుక మా అక్కకు మరిది లెక్క.

ఫోర్‌మన్ పోస్టు ఖాళీ అయినప్పుడు వరసలో ముందున్నది బావ. పై అధికారి దాన్ని మరిదికి ఇచ్చాడు. ఫోర్‌మన్ అయినా సరే, బావ గోతిలో దిగితే వాల్వ్ దగ్గర తనే నిలబడేవాడు, ఇంకొకరికి వదిలేవాడు కాదు. అయినా నాకు ఒళ్లు మండిపోయేది. కేసు వెయ్యమని బావ చెవిలో ఇల్లు కట్టుకుని పోరాను. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే అయింది.

ఇద్దరూ రిటైరయ్యాక మాత్రం, ఒకనాడు చెప్పాపెట్టకుండా వెళ్లి కేసు వేసొచ్చాడు. తాను ఫోర్‌మన్‌గా రిటైరయినట్టు రాయాలట. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమంటే ఇదే. పైగా ప్రతివాదుల్లో మరిదినీ చేర్చక తప్పదన్నాడు వకీలు. నోటీసు అందాక అతను రోజూ పొద్దున మా ఇంటికి టీకి రావడం మానేశాడు. బావ పేపరు ముందు పెట్టుకుని గుమ్మం వైపు చూస్తూ కూర్చునేవాడు. కేసు గెలిస్తే ఆ మనిషి ఇక మా గడప తొక్కడని అక్క దిగులు. నిజం చెప్పొద్దూ, నాకూ అదే దిగులు.

ఆలస్యానికి కారణం అనారోగ్యమని చెప్పమన్నాడు వకీలు. ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ ఎందుకు అడగలేదని జడ్జిగారు అనేసరికి బావ లేచి నిలబడ్డాడు.

"గోతిలో నేనుంటే వాల్వ్ అతని చేతిలో ఉండేదండీ. అక్కడున్న మనిషితో తగువు పెట్టుకుని కింద పని చెయ్యలేం. పనంతా అయిపోయాక అడుగుదామనుకున్నాను."

వకీలు తల పట్టుకున్నాడు. జడ్జిగారు బావ బాధ అర్థమైందనీ, అయినా ఎప్పుడో ఖాయమైన పోస్టును ఇంత ఆలస్యంగా కదిలించడం కుదరదనీ చెప్పి కేసు కొట్టేశారు.

కోర్టు వరండాలో మరిది ఎదురొచ్చాడు.

"ఆ పోస్టు నీదేనని నాకు అప్పుడే తెలుసన్నా. తిడతావేమోనని రోజూ ఎదురుచూశాను. ఇప్పుడు గొయ్యి లేదు, వాల్వూ లేదు. తిట్టు," అన్నాడు.

బావ తిట్టాడు. నోట్లో నాలుక లేదనుకున్న మనిషి దగ్గర అన్ని తిట్లున్నాయని నాకు ఆరోజే తెలిసింది. బస్‌స్టాపు దాకా తిట్టాడు, బస్సులో తిట్టాడు, మా వీధి మలుపు తిరుగుతూ తిట్టాడు. మరిది తల ఊపుతూ పక్కనే నడిచాడు. నాకైతే సంతోషంతో కళ్లు చెమర్చాయి.

ఆ కేకలకు అక్క గుమ్మంలోకి వచ్చింది. బావ పక్కన అతన్ని చూసింది. తీర్పేమైందని అడగకుండా లోపలికి వెళ్లి టీకి నీళ్లు పెట్టింది.