లేవని బోటు

ఇది మా పిన్ని తోటికోడలి అన్నకు జరిగింది కాదు. బస్సులో ఎవరో చెబితే విన్నదీ కాదు. నాకు జరిగింది. నాకే. నేను తాగను, ఆ రోజు జ్వరం లేదు, కళ్ళద్దాలు కూడా పెట్టుకునే ఉన్నాను. నవ్వేవాళ్ళు ఇప్పుడే నవ్వేసుకోండి... మధ్యలో నవ్వితే మాత్రం లేచి పోతాను.

నా పని తెలుసు కదా. హిందూపురం బయట ఒక షెడ్డులో ఫైబర్ బోట్లు చేస్తారు. అక్కడ నేను టెస్టింగ్. జనం సరదాగా తిరిగే బోట్లకు ఇంజన్ బిగించి, నీళ్ళలో నడిపి, ఎంత వేగంగా పోతోంది, ఎంతమందిని మోస్తుంది, ఎంత పెట్రోలు తాగుతోందో చూసి, కాగితం మీద రాసి సంతకం పెట్టాలి. పెనుకొండలో మా అత్తకు ఇదంతా ఎగతాళి. "తాగేదానికి నీళ్ళు ట్యాంకర్లో వస్తాండాయి, మా కోడలు బోట్లు నడుపుతాది" అని వీధంతా చెప్పుకుంటుంది. అందులో కాస్త గర్వం కూడా ఉంది లెండి.

ఇప్పుడు చెప్పబోయే బోటు తాడిమర్రి అవతల, డ్యాము వెనక నీళ్ళ కోసం చేసింది. ఒక కాంట్రాక్టరు ఆదివారాలు పిల్లల్ని, పెద్దల్ని తిప్పడానికి అడిగాడు. ఆయన షరతు ఒక్కటే. డ్రైవరుతో కలిపి ఆరుగురు ఎక్కాలి. అయిదుగురికే పాసయితే గిట్టదు, బోటూ వద్దు, డ్రైవరూ వద్దు అన్నాడు.

డ్రైవరు పేరు ఓబులేసు. బత్తలపల్లి దగ్గర కాలనీలో ఉంటాడు. ధర్మవరంలో పట్టుచీరలు నేసేవాడు. మోకాళ్ళు అరిగిపోయి మగ్గం గుంటలో కాళ్ళు పెట్టలేక మానేశాడు. రెండేళ్ళుగా ఏది దొరికితే ఆ కూలి. ఇద్దరు ఆడపిల్లలు. ఈ పని దొరికితే నెల జీతం. నేనే రెండు రోజులు బోటు నడపడం నేర్పాను. మగ్గం నేసిన చెయ్యి కదా... స్టీరింగ్ పట్టుకుంటే నీళ్ళకు కూడా నొప్పి తెలియదు. "ఈ బోటు పాసైతే నేనూ పాసైనట్టే మేడం" అన్నాడు.

పాసవడం అంటే చెప్తాను వినండి. ఇంజన్ గట్టిగా లాగితే ముందు బోటు ముక్కు పైకెత్తుకుంటుంది. తర్వాత మెల్లగా దించుకుని, నీళ్ళ మీద చదునుగా జారుతుంది. దాన్నే మేము లేవడం అంటాం. నిండు బరువుతో పది సెకన్లలో లేవాలి. అటు ఒకసారి, ఇటు ఒకసారి. రెండు వైపులా లేస్తేనే పాసు. లేవని బోటు తోక ముంచుకుని పోతుంది, వెనక నుంచి ఒక అల తన్నిందంటే నీళ్ళు లోపలికే. పిల్లలు కూర్చునే బోటు. అందుకే ఆ పది సెకన్ల విషయంలో నేను మా నాయన మాట కూడా వినను.

మనుషుల బదులు నీళ్ళ క్యాన్లు పెడతాం. ఇళ్ళకు వస్తాయే, ఇరవై లీటర్లవి. నాలుగు క్యాన్లు ఒక మనిషి. నేనూ ఓబులేసూ ఇద్దరం. మిగతా నలుగురికి పదహారు క్యాన్లు.

మొదటి రోజు జెట్ ఇంజన్ పెట్టి చూశాం. దానికి కింద ఫ్యాను ఉండదు, నీళ్ళు పీల్చి వెనక్కి చిమ్ముతుంది. ఆ నీళ్ళలో నాచు ఎక్కువ. అది కూడా పీల్చి ఉక్కిరిబిక్కిరి అయింది. తీసేసి, వెనక తగిలించే మామూలు ఔట్‌బోర్డు ఇంజన్ బిగించాం. ఇక గాలి మొదలైంది. ఆ వైపు గాలి సంగతి మీకు తెలుసు, ఊరికే పాతలేదు అన్ని గాలిమరలు. రెండు రోజులు నీళ్ళు ఉడుకుతూనే ఉన్నాయి. అలల్లో తీసిన లెక్క లెక్క కాదు. మర్నాడు పదింటికి కాంట్రాక్టరు కాగితం కోసం వస్తానన్నాడు.

"తెల్లారుజామున గాలి పండుకుంటాది మేడం. అప్పుడు పోదాం" అన్నాడు ఓబులేసు.

చీకట్లో టెస్టు చేయకూడదు. తెలుసు. అయినా పోయాం.

నాలుగు కూడా కాలేదు. నిజంగానే గాలి పడుకుంది. ఒడ్డు ఎక్కడ అయిపోయిందో, నీళ్ళు ఎక్కడ మొదలయ్యాయో కాలికి తెలిసింది కానీ కంటికి తెలియలేదు. పైన చుక్కలు... కింద చుక్కలు. దూరంగా గుట్టల మీద గాలిమరల ఎర్ర లైట్లు. అన్నీ ఒకేసారి వెలిగేవి... ఒకేసారి ఆరేవి. నీళ్ళలో కూడా. భయం లేదు నాకు. హాయిగా ఉంది. కలలో ఎక్కడికో పోతుంటాం చూడండి, ఎక్కడికి అని అడగాలని కూడా తోచదు... అలా.

ఒడ్డు దగ్గర ఒకటి, లోపల ఒకటి, తేలే డబ్బాలకు చిన్న లైట్లు కట్టాం. ఒడ్డు నుంచి లోపలికి మొదటి పరుగు. నేను వాచీ పట్టుకుని గట్టిగా లెక్కపెడుతున్నాను. ఏడు... ఎనిమిది... తొమ్మిది. లేచింది! ఓబులేసు చిన్నపిల్లాడిలా అరిచాడు.

లోపలి డబ్బా దగ్గర ఇంజన్ ఆపి, అంకె రాసుకుంటున్నాను. ఓబులేసు వేలితో కిందికి చూపించాడు.

"ఈడనే మేడం మా ఊరు. మా వీధి సరిగ్గా ఈ కిందనే ఉండాది."

డ్యాము నిండినప్పుడు మునిగిన ఊరు. అప్పుడు వీడు చిన్న పిల్లాడట.

"ఎవరైనా... మునిగిపోయారా?" అన్నాను.

"ఎవురూ లేదు. నీళ్ళు రాకముందే అందరమూ లేసిపోయినాము. వాకిళ్ళు, దూలాలు గూడా పీక్కపోయినాము." సీసా ఎత్తి నీళ్ళు తాగాడు. "చచ్చిపోయినోళ్ళను మాత్రం యాడికి తీస్కపోతాం? వాళ్ళను ఈడనే ఇడిసిపెట్టినాము."

మామూలుగానే చెప్పాడు. నేనూ మామూలుగానే విన్నాను. "సరే, తిప్పు" అన్నాను.

తిరుగు పరుగు. ఏడు... ఎనిమిది... తొమ్మిది... పది. ముక్కు ఆకాశంలోనే ఉంది. పదిహేను... ఇరవై... బోటు లేవలేదు.

ఆపించాను. వెనక్కి తీసుకెళ్ళి డబ్బా దగ్గర నుంచి మళ్ళీ లాగించాను. మళ్ళీ అంతే. తోక ముంచుకుని, ఈడ్చుకుంటూ పోతోంది. ఇంజన్ గొంతు నాకు తెలుసు. చెడిపోయిన ఇంజన్ గొంతు కాదు అది. బరువు మోస్తున్న గొంతు.

మళ్ళీ డబ్బా దగ్గరికి పోయి ఆగాం. బోటు అడుగున నీళ్ళు వదిలే రంధ్రానికి ఒక బిరడా ఉంటుంది. అది పెట్టడం మరిచిపోవడం మా వృత్తిలో ప్రతివాళ్ళూ ఒకసారైనా చేసే వెధవ పని. టార్చి వేసి చూశాను. బిరడా ఉంది. అడుగు ఎండుగా ఉంది. ఇంజన్ పైకెత్తి ఫ్యాను తడిమాను. నాచు లేదు, తాడు లేదు. ఓబులేసు ముఖం చూడలేకపోయాను. వాడి నెల జీతం ఆ నీళ్ళలో కరిగిపోతోంది.

"క్యాన్లు ఒంపేద్దాం. ఖాళీగా ఎట్లా పోతుందో చూద్దాం" అన్నాను.

ఒక్కో క్యాను అంచు మీద వంచి ఒంపాం. బుడ్... బుడ్... బుడ్... ఆ నిశ్శబ్దంలో అదొక్కటే శబ్దం. పదహారు క్యాన్లు. చాలాసేపు పట్టింది. నాకు నిద్ర ముంచుకొచ్చింది, నమ్మండి. ఆ చప్పుడు జోకొట్టినట్టు ఉంది.

బోటు పక్కన నేను అంటించిన టేపు గీతలు ఉన్నాయి. ఇద్దరు కూర్చుంటే నీళ్ళు ఎక్కడిదాకా వస్తాయో కింద ఒకటి, ఆరుగురికి పైన ఒకటి. అన్నీ ఒంపేశాక అంచు మీదుగా వంగి, చెయ్యి కిందికి పెట్టాను. కింది గీత తగలాలి.

తగల్లేదు. నీళ్ళు తగిలాయి. టార్చి వేశాను.

నీళ్ళు పై గీత దగ్గర ఉన్నాయి.

ఖాళీ బోటు... ఇద్దరం మనుషులం... ఆరుగురి లోతు.

అప్పుడు బోటు మెల్లగా... చాలా మెల్లగా... ఎడమ పక్కకు వాలింది. ఎవరైనా లేచి పక్క సీటులోకి మారితే వాలుతుందే, అంతే. నేను కదల్లేదు. ఓబులేసు కదల్లేదు. ఖాళీ క్యాన్లు మాత్రం లొడలొడమంటూ ఎడమకు దొర్లాయి. ఒక్క క్యాను దొర్లుతూ దొర్లుతూ... నడిమధ్యలో ఆగింది. దేనికో ఆనుకున్నట్టు.

వక్కాకు వాసన వచ్చింది. మా ఇద్దరికీ ఆ అలవాటు లేదు.

ఓబులేసు స్టీరింగ్ దగ్గర నుంచి వెనక్కి తిరగలేదు. ముందుకు చూస్తూనే అన్నాడు. జనం ఎక్కినప్పుడు చెప్పమని నేను నేర్పిన మాటే, కానీ వాడి భాషలో.

"ఒకే పక్క కూసోవాకండప్పా. సర్దుకోండి. పెద్దోళ్ళు మద్దెన కూసోండి."

బోటు... సర్దుకుంది.

కుడికి వచ్చి, నిదానించి, సమంగా నిలబడింది. అప్పుడు వేసింది నాకు భయం. ఓబులేసు ఇంజన్ వేసి, వేగం పెంచకుండా, పసిపిల్లను ఎత్తుకుని నడిచినట్టు ఒడ్డుకు పట్టించాడు. నేను నా ఒళ్ళో చేతులు మాత్రమే చూసుకుంటూ కూర్చున్నాను. ఎంతసేపో తెలియదు. ఎర్ర లైట్లు వెలిగేవి... ఆరేవి.

ముక్కు ఇసుకకు తగిలింది. ఇంజన్ ఆపాడు.

"దిగండి. నిదానంగా దిగండి. రాయి జారుతాది, చూసుకోండి."

బోటు ఒక్కసారి ఎగిసింది. మనిషి దిగినప్పుడు ఎగిసినట్టు. ఒకటి. మళ్ళీ... రెండు. మళ్ళీ... మూడు. తర్వాత ఏమీ లేదు. ఓబులేసు నీళ్ళలోకి దిగి, బోటు వైపు చెయ్యి చాపి నిలబడ్డాడు. ముసలివాళ్ళు దిగేటప్పుడు అందిస్తాం కదా, అట్లా. ఆ చెయ్యి చాపే ఉంచాడు.

నాలుగు. చాలా తేలిగ్గా.

ఇసుక మీద టార్చి వేశాను. వచ్చేటప్పుడు పడిన మా ఇద్దరి అడుగులే ఉన్నాయి. బోటు పక్కన కింది గీత పైకి వచ్చేసింది, నీళ్ళు కారుతూ.

"ఎవరితో మాట్లాడావు?" అని అడిగాను.

"ఎక్కినోళ్ళను దించాల్సిందే కదా మేడం" అన్నాడు. "ఎవురైతేనేమి?"

అంతకుమించి ఒక్క ముక్క చెప్పలేదు. ఆ రోజూ చెప్పలేదు, ఇప్పటికీ చెప్పడు.

పదహారు క్యాన్లూ మళ్ళీ నింపాం. తూర్పున తెల్లబడుతుంటే మళ్ళీ పోయాం. అటు తొమ్మిది సెకన్లు. ఇటు తొమ్మిది. ఇంకోసారి. అటు తొమ్మిది, ఇటు తొమ్మిది. బోటు బంగారంలా పోతోంది.

ఇక కాగితం. అసలు సంకటం ఇక్కడ ఉంది. లేవని పరుగులు రాయడానికి అందులో ఒక గడి ఉంది. అవి రెండు ఉన్నాయి. రాస్తే, కారణం తెలియని లోపం ఉన్నట్టు. పాసు కాదు. ఓబులేసు మళ్ళీ కూలికి. రాయకపోతే... ఇంజన్ తప్పేమీ లేదని, నిజంగానే ఎవరో నలుగురు ఎక్కారని నేను నమ్మినట్టు. దెయ్యాలను నమ్మితేనే ఆ బోటు పాసవుతుంది. లెక్క తప్ప దేన్నీ నమ్మనని తలెగరేసే మనిషికి ఎంత చెడ్డ పరీక్షో చూడండి!

ఓబులేసు నా చేతిలో పెన్ను చూశాడు. "మీరు చూసింది రాయండి మేడం. నాకోసరం అబద్ధం రాయొద్దు" అని చెప్పి, అవతలికి పోయి క్యాన్లు కడుక్కుంటూ కూర్చున్నాడు. బతిమాలి ఉంటే తిట్టి, ఉన్నది ఉన్నట్టు రాసేదాన్నేమో.

ఆ గడి ఖాళీగా వదిలేశాను. ఆరుగురు అని రాశాను. సంతకం పెట్టాను.

మా ఆయనకు చెబితే, చేపల వల ఏదో తగులుకుని ఉంటుంది, దాంతో పాటు మీరు రాళ్ళు ఈడ్చుకొచ్చి ఉంటారు, ఒడ్డు దగ్గర ఊడిపోయింది అన్నాడు. కావచ్చు. ఫ్యాను తడిమాను కానీ అడుగంతా తడమలేదు. అదీ నిజమే. మరి మాట చెప్పగానే బోటు సర్దుకోవడం? "అట్లా కుదిరింది" అంటాడు. వక్కాకు వాసన? "నీకు నిద్ర లేదు" అంటాడు. అన్నిటికీ ఉంది ఆయన దగ్గర జవాబు. నిద్ర పట్టేది కూడా ఆయనకే.

ఇప్పుడు ఆ బోటు ప్రతి ఆదివారం తిరుగుతోంది. పిల్లలు నీళ్ళలో చేతులు పెట్టుకుని కూర్చున్న ఫోటోలు ఓబులేసు పంపుతుంటాడు. సాయంత్రం ఆరింటికి ఫోన్ చేస్తాడు. "అందరూ దిగినారు మేడం" అంటాడు. అంతే, పెట్టేస్తాడు. ఆ మాట వినేదాకా నాకు ముద్ద దిగదు.

అది ఏమిటంటారు? నాకు తెలియదు. వలే అయితే మళ్ళీ తగులుకుంటుంది. ఇంజన్ లోపమే అయితే మళ్ళీ బయటపడుతుంది... ఈసారి బోటులో ఉండేది క్యాన్లు కాదు. అందుకే ఆదివారం పొద్దున దీపం పెట్టినప్పుడల్లా, సిగ్గు లేకుండా ఒకటే మొక్కుకుంటాను. స్వామీ, ఆ రోజు ఎక్కింది దెయ్యాలే అయ్యుండాలి.