సున్నం కొట్టిన గోనెపట్టా

ఇన్నేళ్లుగా ఇది నా గుండెల మీద కూర్చునే ఉంది. అన్నం తింటున్నా ఉంటుంది, నలుగురిలో నవ్వుతున్నా ఉంటుంది. మీ దగ్గర దించుకుంటాను, కాస్త ఓపిక పట్టండి. భయపడకండి, ముందే చెప్పేస్తున్నాను: ఇందులో ఒక పసివాడు ఉన్నాడు, వాడు బతికాడు. వాడు బతకబట్టే నేనింకా మనిషినని చెప్పుకుని తిరుగుతున్నాను. అందుకు ఎవరికి దండం పెట్టాలో తెలియక, అప్పటి నుంచి ఎదురైన ప్రతివాళ్లకూ మనసులో పెడుతూనే ఉన్నాను.

రెండు వేల సంవత్సరం దాటిన కొత్తల్లో, సారపాక అవతల అడవి అంచున ఒక గూడేనికి కొత్త ఇళ్లు కట్టారు. పని చూసే సూపర్‌వైజర్ని నేను. పెనుబల్లి వైపు నుంచి వచ్చినవాణ్ణి, నోటి దురుసు ఎక్కువ, పని తక్కువే తెలుసు. ఇళ్లకు సిమెంటు రేకుల కప్పు. అసలే మా ఎండలు ఎలాంటివో మీకు తెలుసు కదా. అందుకని రేకుల ఇంటికి వేడి ఆపే పొర ఉండి తీరాలని నిబంధన పెట్టారు. రేకుల కింద వెదురు తడక కట్టాలి, దాని మీద మందంగా మట్టి మెత్తాలి. ఎవరు రాశారో గాని బుర్ర ఉన్నవాళ్లే. ఆ గూడెం వాళ్ల పాత ఇళ్లలో ఉన్నది సరిగ్గా అదే. నడి ఎండలో అందులోకి వెళ్తే ప్రాణం లేచొచ్చేది.

వెదురు రావడం ఆలస్యమైంది. ప్రారంభం దగ్గరపడింది. ఇంకొంచెం గడువు అడిగితే ఏమయ్యేది? ఏమీ అయ్యేది కాదు. కానీ నాకది మొదటి పని, చేతకానివాడంటారని భయం. గోనెసంచులు విప్పించి, కలిపి కుట్టించి, గోడ నుంచి గోడకు బిగించి, కింది వైపు సున్నం కొట్టించాను. కుట్టినవాళ్లు బయటి ఊరి కూలీలు, పనైపోగానే వెళ్లిపోయారు. కింద నిలబడి చూస్తే అచ్చం మట్టి మెత్తిన తడకే. ఇంజనీరు గారు తలెత్తి చూసి, బాగా చేయించావయ్యా అన్నారు. నేను నవ్వాను కూడా. ఆ నవ్వు గుర్తొస్తే ఇప్పటికీ నా చెంప నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

ఆ గూడెంలో సమ్మక్క అని పెద్దావిడ ఉండేది. పని జరిగినన్నాళ్లూ నాకు మధ్యాహ్నం జొన్న అంబలి పోసింది ఆమే. నేను అడగలేదు, ఆమె ఒక్కరోజూ మరిచిపోలేదు. కొడుకు జోగయ్య. కోడలు లచ్చికి అప్పుడు నెలలు నిండుతున్నాయి. వాళ్లింట్లో విత్తనాల గంప ఎప్పుడూ పొయ్యికి సరిగ్గా పైన, అటక మీద ఉంటుంది. పొగ తగిలితే గింజకు పురుగు పట్టదు. కొత్త ఇంట్లోకి రాగానే ఆమె నిచ్చెన వేసుకుని, మూల వదిలిన సందులోంచి గంపను పైకి నెట్టింది. గోనెపట్టా ఈ చివర నుంచి ఆ చివరకు పర్రున చిరిగింది. గింజలన్నీ నేలపాలు. కబురొస్తే వెళ్లాను.

"సారూ, తప్పయింది. అటకనుకొని పెట్టిన. గిట్ల చినుగుతదని నాకేం ఎరుక?"

అదే సమయం. అప్పుడే చెప్పి ఉంటే ఇదంతా లేదు. కానీ నా నోట్లోంచి వచ్చింది ఇది:

"ఇది అటక కాదమ్మా, కొత్త రకం పట్టా. తడక కంటే బాగా వేడి ఆపుతుంది. దీని మీద బరువు ఎవరు పెట్టమన్నారు?"

"మళ్ల ఇంకోటి ఇయ్యరా?"

"ఇంటికి ఒకటే ఇస్తారు. పాడు చేసుకున్నావు, ఏం చేస్తాం."

"అవ్, తప్పు నాదే," అంది. కింద కూర్చుని గింజలు ఏరుకోవడం మొదలుపెట్టింది.

అంబలి పోసిన చెయ్యి అది. నేను గుమ్మం దాటి వచ్చేశాను.

రోహిణి కార్తెలో గూడెం మొత్తం పెనంలా కాలిపోయింది. పట్టా ఉన్న ఇళ్లలోనూ అదే వేడి. మిగతావాళ్లు పగలంతా చెట్ల కింద గడిపారు, కాబట్టి ఆ సంగతి ఎవరూ పట్టించుకోలేదు. లచ్చి పచ్చి బాలింత, బయటికి రాలేదు. పసివాడి ఒళ్లు కాలిపోతోంది, పాలు తాగడం లేదని జోగయ్య పరుగెత్తుకొచ్చాడు. బిడ్డతో పాటు వాళ్లందరినీ, సమ్మక్కతో సహా, జీపులో ఎక్కించుకుని భద్రాచలం దవాఖానాకు తీసుకెళ్లాను. గోదావరి వంతెన మీద జోగయ్య తల్లి మీద అరిచాడు. నీ గంప వల్లే నా కొడుక్కి ఇట్లయిందన్నాడు. ఆమె తడిగుడ్డతో మనవడి అరికాళ్లు తుడుస్తూనే ఉంది. నేను జీపు నడుపుతున్నాను. నా చెవులతోనే విన్నాను. నోరు విప్పలేదు. ఏం మనిషిని నేను?

అక్కడి నర్సమ్మ బిడ్డను వదలకుండా చూసుకుంది. ఆ తల్లి ఎక్కడున్నా చల్లగా ఉండాలి. పిల్లవాడు కళ్లు తెరిచాడు. జోగయ్య నా చేతులు పట్టుకుని, నువ్వు దేవునోలె వచ్చినవు సారూ అన్నాడు.

మరుసటి ఎండాకాలానికి ముందే వెదురు తెప్పించి, కొత్త ఆర్డరు వచ్చిందని ఇంకో అబద్ధం చెప్పి, అన్ని ఇళ్లకూ అసలు తడకలు కట్టించాను. గూడెమంతా కలిసి అల్లారు, మట్టి మెత్తారు. దానికీ నాకే దండాలు పెట్టారు. సమ్మక్క మాత్రం మళ్లీ అటక మీద గంప పెట్టలేదు. ఎండలు ముదిరితే లచ్చి పిల్లవాణ్ణి అత్త చేతికి ఇవ్వదని విన్నాను. విని ఊరుకున్నాను. చెబితే ఉద్యోగం పోతుందని కొన్నాళ్లు, పరువు పోతుందని కొన్నాళ్లు, ఇప్పుడు చెప్పి ఏం లాభమని ఇంకొన్నాళ్లు. మనిషికి సాకులు ఎంత బాగా దొరుకుతాయో!

ఈ మధ్య సమ్మక్క పోయిందని తెలిసి వెళ్లాను. ఆ పిల్లవాడు ఇప్పుడు నాకంటే పొడుగు. సారూ, నన్ను బతికించింది నువ్వేనంట గద, అని కుర్చీ వేశాడు. కూర్చోలేకపోయాను. నిలబడే చెప్పేశాను, జోగయ్యా లచ్చీ వింటుండగా. అక్కడ మొదటి నుంచీ ఉండాల్సింది తడకేనని, కొత్త రకం పట్టా అన్నది నా అబద్ధమని. గంప చింపింది ఒట్టి గోనెసంచిని అని. అది చిరక్కపోయినా బిడ్డకు ఆ వేడి తగిలేదేనని. తప్పంతా నాదని.

జోగయ్య తల దించుకున్నాడు. లచ్చి నా వైపు తిరిగింది.

"మా అత్త ఉన్నప్పుడు చెప్పకపోతివి గద సారూ," అంది.

లోపలికి వెళ్లి తలుపు వేసుకుంది. ఆ గూడెంలో ఇన్నేళ్లూ నాకు దండాలే దక్కాయి. నాకు నిజంగా చెందిన మాట అదొక్కటే. అన్నందుకు ఆమెకు, మూసిన ఆ తలుపుకే, చేతులెత్తి మొక్కి వచ్చాను.