ఎంగిలి ట్రంపెట్

అమెరికాలో షాంటిలీ అనే ఊళ్లో పెరిగిన శశికళ చచ్చిపోయిన మనిషి ఊపిరితో ట్రంపెట్ ఊది యూత్ ఆర్కెస్ట్రాలో సీటు కొట్టింది. సరే, ఆ మనిషి చచ్చిపోయాడని ఎవరూ రూఢిగా చెప్పలేదు. తన ట్రంపెట్‌ని పాతసామాన్ల షాపులో వదిలేసి వెళ్లాడంతే. ఊపిరి సంగతి మాత్రం వినండి.

అది 1984. శశికళకి పదహారేళ్లు. అక్కణ్నించి కొనుక్కొచ్చిన ఆ ట్రంపెట్ గుమ్మం దాటకముందే వాళ్లమ్మ ఆండాళ్ అడ్డుపడింది.

"ఎవడు నోట్లో పెట్టుకున్నదో ఏమో. ఎంగిలే అది."

"వాష్ చేస్తా కదమ్మా. సోప్ పెట్టి."

"సోప్‌కి పోతుందిటే ఎంగిలి?"

ఇండియన్ స్టోర్‌లో అపురూపంగా దొరికిన చింతపండంతా నానబెట్టి, ఆ పులుసు గొట్టాల్లో పోసి, ఇత్తడి చెంబును తోమినట్టు తోమింది. మెరుపుపూత లేచిపోయి ట్రంపెట్ జబ్బుమనిషిలా పాలిపోయింది.

సీటు పరీక్షలో వాయించమని ట్రంపెట్ మాస్టారు ఒక ఫ్రెంచ్ కాన్సర్టో ఇచ్చాడు. పారిస్ సంగీత కళాశాలలో ఇలాంటివి పరీక్షల కోసమే రాయించేవారు. పిల్లలు ఎక్కడ తడబడతారో ఆరా తీసి మరీ రాసినట్టుంటాయి. నెమ్మదిగా సాగే రెండో భాగంలో, ట్రంపెట్ చివరి గరాటుకి బిరడాలాంటి మ్యూట్ పెట్టి ఒకే ఊపిరిలో లాగాల్సిన వరస ఒకటుంది. శశికళకి రోజూ అక్కడే ఊపిరి తెగేది.

ఒక సాయంత్రం వంటింట్లోంచి ఆండాళ్ అంది, "ఇవాళ ఆపకుండా లాగేశావే."

శశికళ ట్రంపెట్‌ని దించి దానివంక చూసింది. ఆమె ఇవాళా మధ్యలో ఆగింది.

పరీక్షనాడు జడ్జీలు, వాయించేది ఎవరో కనపడకుండా, తెర వెనక కూర్చున్నారు. వరస తెగితే సీటు లేదు. సరిగ్గా అక్కడే గుండెల్లో గాలి అయిపోయింది. గత్యంతరం లేక నోరు తీసి ఊపిరి పీల్చుకుంది.

వరస తెగలేదు. పక్కగదిలో ఎవరో ఊదుతున్నట్టు సన్నగా సాగుతూనే ఉంది. పియానో వాయిస్తున్న ముసలాయన వేళ్లు ఆపకుండానే తల తిప్పి ఆమె పెదాలవంక చూశాడు. మళ్లీ నోరు ఆనించేసరికి ట్రంపెట్ అంచు వెచ్చగా, తడిగా ఉంది. అప్పుడే ఇంకెవరో నోరు తీసినట్టు. చింతపండు పులుపు లేదు. పొగాకు రుచి.

సీటొచ్చింది.

ఇప్పుడు శశికళ పిల్లలకి ట్రంపెట్ నేర్పుతుంది. ఆ పాతదాన్ని మాత్రం ఎవరి నోటికీ అందనివ్వదు. వాళ్ల నాన్న స్నేహితుణ్ని నేను ఈ కథ ఎత్తితే చాలు, మొహం గంటు పెట్టుకుంటుంది.

"అలాంటిదేం జరగలేదు అంకుల్. అమ్మ తోమలేదు, ముసలాయన చూడలేదు. సీటు నాది. ఊపిరీ నాదే."