వెనక సందు రేటు

నేను కళ్లద్దాలు అమ్ముకుని బతికేవాణ్ణి. సికింద్రాబాద్‌లో ఎందరికో దగ్గరి చూపూ దూరపు చూపూ సరిచేశాను గానీ, నా ముందుచూపుకి మాత్రం ఎన్నడూ పరీక్ష చేసుకోలేదు. అది బ్రహ్మాండంగా ఉందనే నమ్మకంతోనే కోర్టు మెట్లెక్కాను.

మెట్టుగూడలో నా దుకాణం ఉన్న ఇంటిని పడగొట్టి అపార్ట్‌మెంటు కడతామని ఓనరు చెప్పేశాడు. వేరేచోట అద్దెలు నా సంపాదనకు అందవు. నా వృత్తి నిలవాలంటే మిగిలిన దారి ఒక్కటే: రెజిమెంటల్ బజార్‌లో మా తాత కట్టిన మలిగీ, అంటే దుకాణపు గది. ఇద్దరు కొడుకులకూ చెరిసగం అని తాత నోటిమాటగా చెప్పి పోయాడు. మా నాన్న మొహమాటానికి అడగలేదు, పెదనాన్న మొహమాటానికైనా ఇవ్వలేదు. ఇద్దరూ పోయాక, ఇప్పుడు అందులో పెదనాన్న కొడుకు స్టీలు సామాన్ల దుకాణం నడుపుతున్నాడు. వెళ్లి నా సగం అడిగితే అన్న చాయ్ తెప్పించి, అందులో సగం నాకు పోశాడు. అంతవరకే పంపకం జరిగింది.

దావా వేయక తప్పలేదు. మలిగీ నా స్వాధీనంలో లేదు కాబట్టి, నా వాటాకు మార్కెట్ విలువ కట్టి, దాని మీద కోర్టు ఫీజు చెల్లించాలని వకీలమ్మ చెప్పింది. రిజిస్ట్రేషన్ ఆఫీసులో వీధికో రేటు ఉంటుందని కూడా చెప్పింది. అక్కడ నా బుర్ర మేలుకుంది. మలిగీ ముఖం బజారు రోడ్డు మీద, వెనక తలుపు ఒక ఇరుకు సందులో. ఇంటి నంబరు పలక ఉన్నది మాత్రం ఆ వెనక తలుపుకే. ముందు వేలాడదీసిన సామాన్ల మధ్య అది పోస్టుమనిషికి కనిపించడం లేదని అన్నే అటు మార్పించాడు. నంబరు ఎక్కడుంటే ఇల్లు అక్కడే కదా అని సందు రేటు వేయించాను. ముందు వైపు ఏముందని వకీలమ్మ అనుమానంగా అడిగింది.

“ఏముందమ్మా, బకెట్లు” అన్నాను. అబద్ధం కాదు.

చెమ్మ, పగుళ్లు, ఎలుకలు అన్నీ చేర్పించి విలువ ఇంకా దించాను. చదువుకుంటే ఆ మలిగీ మీద నాకే జాలేసింది.

అన్న జవాబు ఫోటోలతో సహా వచ్చింది. బజారు నడిబొడ్డున ఉన్న దుకాణమని, దాని అసలు ధర నేను రాసినదానికి ఎన్నో రెట్లని, కింద సంతకం. కోర్టు ఆయన మాటే సబబన్నది. గడువులోగా మిగతా ఫీజు కట్టకపోతే దావా కొట్టేస్తామన్నది. వకీలమ్మ నావైపు, తప్పు పవర్ అద్దాలు పెట్టుకున్న మనిషిలా చూసింది.

బయట మెట్ల మీద అన్న ఎదురొచ్చాడు. “ఏంది తమ్మీ, తాత మలిగీకి గింత సస్తాల కట్టినవ్? దాని కిమ్మత్ నీకేం ఎరుక?”

ఫీజు కట్టలేక నేనే వదిలేస్తానని ఆయన లెక్క. నేను స్కూటర్ అమ్మేశాను. కేసు నడవాలంటే నేను నడవాల్సి వచ్చింది. ఇంట్లో మా ఆవిడ తిట్టలేదు. “కానీయుండ్రి. మన సగానికి మీ అన్ననే గంత కిమ్మత్ కట్టిండు గదా, మంచిదే” అంది. ఓదార్పు అనుకున్నాను. అది ఓదార్పు కాదని లోక్ అదాలత్‌లో రాజీకి కూర్చున్నాక అర్థమైంది.

మలిగీ తనే ఉంచుకుని నాకు డబ్బిచ్చి పంపుతానన్నాడు అన్న. ఎంత అన్నప్పుడు మాత్రం స్వరం మారింది. కప్పు కురుస్తుందట, గోడలు ఉబ్బాయట, దాన్ని ఎవరూ కొనరట. నా దావాలోని ఎలుకలు కూడా అటువైపు చేరిపోయాయి. నీ మాటేమిటని జడ్జిగారు నన్ను అడిగారు. లేచి నిలబడ్డాను.

“అన్న పెద్దోడు సార్, ఆయన మాట నేను కాదన. జవాబుల ఎంత రాసిండో గండ్ల సగం ఇయ్యమనుండ్రి. రూపాయి సుత ఎక్కువొద్దు.”

వకీలమ్మ ఆ పేజీ తీసి ముందు పెట్టింది. జడ్జిగారు అంకె పైకి చదివి, సంతకం మీదేనా అని అడిగారు. అన్న కాసేపు పైకప్పు వైపు చూశాడు. అది కురవడం లేదు.

“గన్ని పైసలు యాడికెల్లి తేవాలె సార్? సగం జాగ తీస్కోమనుండ్రి.”

ఇప్పుడు మలిగీ మధ్యన ప్లైవుడ్ గోడ ఉంది. అటు గిన్నెలు మోగుతాయి, ఇటు నా అద్దాలు మెరుస్తాయి. బజారు రోడ్డు కాబట్టి గిరాకీ బాగుంది. ఈమధ్యే మరో స్కూటర్ కూడా కొన్నాను. మొన్న అన్నే గోడ దాటి వచ్చి, పేపరు చదువుతుంటే అక్షరాలు అలుక్కుపోతున్నాయన్నాడు. కూర్చోబెట్టి పరీక్ష చేసి, మంచి అద్దాలే బిగించి ఇచ్చాను. అన్నిటికంటే కింద ఉన్న చిన్న వరస కూడా గడగడా చదివి, సంబరంగా ఎంతివ్వాలని అడిగాడు.

“నువ్వే విలువ కట్టన్నా” అని ఓ కాగితం, పెన్నూ ఆయన ముందుకు జరిపాను. “కాకుంటే రాసి సంతకం పెట్టు.”