లౌటోకా రేవులో దొరసాని కదిలే బొమ్మ

లౌటోకా రేవులో, పక్క దీవిలోని లబాసాకి పోయే స్టీమరు కోసం కూర్చున్నాం, అందరం గిర్మిటు మీద, అంటే చెరకు తోటల కూలి ఒప్పందం మీద, సముద్రం దాటి వచ్చిన ఆడకూలీలమే. ఫ్రెంచి దొరసాని ఒకావిడ మూడు కాళ్ల పెట్టె తెచ్చి మా ముందు నిలబెట్టింది. తెల్లవాళ్లు పెట్టె తెచ్చారంటే హాజరు తీసుకోవడానికే అనుకుని, లేచి వరసలో నిలబడ్డాం. సినిమా అనే మాట అప్పటికి మాకు తెలీదు.

ఆవిడ పెట్టె పిడి తిప్పుతూ, "కదలండమ్మా, ఇది కదిలే బొమ్మ. మీరిలా నిలబడితే ఎలాగ?" అంది. అచ్చం మా గోదారి తెలుగు. చిన్నప్పుడు యానాంలో పెరిగిందట. తెలుగొచ్చిన దొరసాని అంటే ఇంకా పెద్ద అధికారి అయ్యుంటుందని ఊపిరి కూడా బిగబట్టాం.

చివరికి నేనే అడిగాను. "దొరగారేరండి? ఆయనొచ్చి తిప్పరా?"

"పారిస్‌లో కూడా బొమ్మలు తీసేది నేనేనమ్మా. తెర మీద పేరు మాత్రం మా ఆయనది పడుద్ది."

"మా తోటలోనూ అంతేనండి. నడుం విరిగేలా గడ్డి తీసేది మేం, శభాష్ సర్దారుకి."

ఆవిడ పగలబడి నవ్వింది. మేమూ వంగి వంగి నవ్వాం, వరస చెదిరిపోయింది. సరిగ్గా అప్పుడే ఆవిడ పిడి తిప్పడం మరిచిపోయింది.

స్టీమరు కూత వేసింది. "నీ పేరు చెప్పమ్మా, బొమ్మ కింద వేయిస్తాను," అంటూ ఆవిడ కాగితం తీసింది. నేను అలవాటుకొద్దీ నా గిర్మిటు నంబరు చెప్పాను. ఆవిడ రాసుకుంది కూడా.

"మరి మీ పేరండి?" అన్నాను.

ఆవిడ వాళ్లాయన పేరు చెప్పింది.

నేను చెప్పింది పేరు కాదని తట్టేసరికి స్టీమరు ఎక్కేశాను. వెనక్కి చూస్తే, రేవులో ఆవిడ కూడా నోటి మీద చెయ్యేసుకుని నిలబడి ఉంది.